ముఖం నీది, గొంతు మాది

నౌపడ
9 జూన్ 2024

షీబాకు,

గిరిబాబు నాకు ఒక మాట ఇచ్చాడు. నీకు ఉత్తరం రాద్దామని కూర్చుంటే ముందు అదే గుర్తొచ్చింది. క్షేమ సమాచారాలు తర్వాత.

అప్పుడు నాకు పాతికేళ్లు. ఈ స్టేషన్లో పార్సిల్ గుమాస్తాని. చర్చిలో పాటలు నడిపించేవాణ్ణి. విజయనగరం కాలేజీలో నాతో చదివిన గిరిబాబు మద్రాసు వెళ్లి సహాయ దర్శకుడయ్యాడు. మన ఉప్పు మడుల్లో షూటింగ్ పెట్టించి, ఉప్పు నిలవచేసే కొఠారులో మేస్త్రి వేషం నాకిచ్చాడు. చిన్న వేషమే. కానీ కూలీల ముందు ఒక ప్రసంగం, దాని చివర రాగం తీసి పాడే నాలుగు వరుసలు ఉన్నాయి. మద్రాసు వాళ్లు ఒకరి నోట్లో ఇంకొకరి గొంతు పెడతారని విని ముందే అడిగాను. వెళ్లిపోయే రోజు ప్లాట్‌ఫారం మీద నా భుజం తట్టి అన్నాడు: "ఒరే శాంతీ, తెర మీద నీ గొంతు నీదే ఉంటాది. నాది పూచీ."

సినిమా టెక్కలి వచ్చింది. లారీ మాట్లాడి మీ అమ్మమ్మనీ, మీ అమ్మనీ, కొఠారు కూలీలనీ అందరినీ తీసుకెళ్లాను. మీ తాత ఆదాము రాలేదు. చర్చి సంఘ పెద్ద సినిమా హాలు గడప తొక్కడు. తెర మీద నేను నోరు తెరిచాను. ఎవడిదో సన్నటి గొంతు బయటికి వచ్చింది. హాలు నవ్వింది. వెనక నుంచి పాయింట్స్‌మన్ దాలయ్య అరిచాడు: "ఓరి నాయనో, శాంతిబాబుకి పడిశం పట్టినాదిరా!"

ఆ తర్వాత నేనెక్కడా పాడలేదు. చర్చిలో కూడా.

మొన్న మీ అమ్మ దేవమణి వచ్చి, నువ్వు పాటలు మానేసి సినిమాలో వేషం కడుతున్నావని చెప్పింది. నోరంతా తెరిచి అరుస్తూ చెప్పింది. చెవులు పోయినా పెదవులు చదవగలనని ఎన్నిసార్లు చెప్పినా దానికి ఎక్కదు. బండ్లు పోతున్నప్పుడు అవతలి ప్లాట్‌ఫారం మీది వాళ్లతో మేం పెదవులతోనే మాట్లాడుకునేవాళ్లం. నా చెవులు పోవడానికి ముప్పై ఏళ్ల ముందే నాకు ఆ విద్య వచ్చు.

వద్దని చెప్పను. నేను చెబితే వినే వంశం కాదు మనది. ఒక్కటే అడుగుతున్నాను. ఆ దర్శకుడు నీ గొంతు ఉంచుతాడా? అది తేల్చుకున్నాకే మొహానికి రంగు వేయించుకో.

నీ మంచి కోరేవాడు, చెడునే ఊహించేవాడు,
శాంతికుమార్ మావయ్య


సాలూరు
2 జులై 2024

మావయ్యా,

నీ ఉత్తరం చదివాక దాలయ్య మాటకి నవ్వాను. తర్వాత నవ్వినందుకు ఏడ్చాను. ఈ కథ అమ్మ నాకు ఎప్పుడూ చెప్పలేదు. నువ్వు పాడేవాడివని కూడా నాకు తెలీదు. నా చిన్నప్పుడు చర్చిలో పాట పుస్తకం తిరగేసి పట్టుకుని కూర్చునేవాడివి, అది గుర్తుంది.

పాటలు మానలేదు. మానేలా చేశారు. మా బ్యాండ్ 'ఉప్పుమడి' గురించి నీకు తెలుసు. విశాఖపట్నం బీచ్ రోడ్డు కాఫీ షాపుల్లో మన మాటలతో, గట్టి గిటారుతో పాడేవాళ్లం. డ్రమ్స్ వాయించే నవీన్‌కి బెంగళూరులో ఉద్యోగం వచ్చింది. బేస్ వాయించే అబ్బాయికి పెళ్లి కుదిరింది. నేనూ గిటారూ మిగిలాం. అప్పుడే ఒక షోకి మురళీమోహన్ అనే డైరెక్టర్ వచ్చాడు. సాలూరు వాడే. పాట అయ్యాక వచ్చి, "ఒసే అమ్మీ, నీకు కోపం వస్తే మొహంలో ముందు ఏటి కదుల్తాది?" అని అడిగాడు. ఎవరైనా అడిగే ప్రశ్నేనా ఇది!

వేషం ఒక లారీ ఓనరు కూతురు. తండ్రికి పక్షవాతం వచ్చి పలకడు, వింటున్నాడో లేదో తెలీదు. ఆఫీసు ఆ పిల్లే నడుపుతుంది. ఇక్కడ ఎక్కడ చూసినా లారీలే, గేరేజీలే, గ్రీసు వాసనే. సెట్టు వెయ్యక్కర్లేకుండా పోయింది.

స్టేజీ మీద మైకు నోటికి ఆనుకుని ఉంటుంది. ఇక్కడ ఎవరో కర్రకి కట్టి నెత్తి మీద వేలాడదీస్తారు. స్టేజీ మీద చివరి కుర్చీ వాడి దాకా చేరాలి. ఇక్కడ కెమెరా నా ముక్కు దగ్గరే ఉంది, ఇంకా తగ్గించు తగ్గించు అంటారు. మొదటి రోజు మురళీమోహన్ మాటిమాటికీ కట్ చెప్పి చివరికి అన్నాడు: "ఏటే, డైలాగ్ సెప్తన్నావా, తాళం ఏస్తన్నావా? నీ కుడికాలు సూసుకో!" నిజమే. కాలు దానంతట అదే కొడుతోంది.

గొంతు సంగతి అడిగాను. "నీ గొంతు ఇనే కదా పిలిచినాను" అన్నాడు. ఇది గిరిబాబు మాట కాదు మావయ్యా. ఈయన మనిషి వేరు.

ఇంకొకటి. ఒక సీన్లో స్క్రిప్టులో లేని మాట నా నోటి నుంచి వచ్చేసింది. ఆయన కట్ చెప్పలేదు. ఆ మాటేంటో నీకు చెప్పను. నా పాట ఒక్కటి కూడా నువ్వు వినలేదు. ఇదైనా చూడు.

అత్తకి ముద్దులు.
షీబా


నౌపడ
28 జులై 2024

షీబాకు,

"నీ గొంతు ఇనే కదా పిలిచినాను." సరే. ఈ వాక్యంలో పూచీ అన్న మాట లేదు. గిరిబాబు కనీసం ఆ మాటైనా వాడాడు.

ఇక్కడి విశేషాలు. కిందటి ఆదివారం చర్చిలో ఎవరిదో శిశు ప్రతిష్ఠ జరిగింది. పాస్టరు బిడ్డను రెండు చేతుల మీదా ఎత్తి దేవుడికి అప్పగిస్తుంటే అది నోరు నాలుగు వైపులా తెరిచి ఏడ్చింది. నాకు వినబడలేదు కానీ, ఆ పూట అక్కడ నిజం చెప్పింది అదొక్కటే అనిపించింది. అడగకుండా అప్పగిస్తే ఏడవదా మరి. మన వాళ్లు బిడ్డలకి బాప్తిస్మం ఇవ్వరు, పెద్దయ్యాక వాళ్లే ఒప్పుకోవాలంటారు. ప్రతిష్ఠ మాత్రం పాలు తాగే రోజుల్లోనే చేసేస్తారు.

శ్రీకాకుళం సాహితీ సంఘం వాళ్లు నా కథను తిప్పి పంపారు. "పాత్రలన్నీ కోపంగా ఉన్నాయి" అని రాశారు. కోపం లేని మనిషిని వాళ్లెక్కడ చూశారో! ఇంట్లో ఉన్న రష్యా నవలలన్నీ నేను రెండేసి సార్లు చదివాను. వాటిలో కోపం లేనివాడు కనబడితే చివరిదాకా నమ్మేవాణ్ణి కాదు. ఆ సంఘం కార్యదర్శి మొన్న భోగాపురం విమానాశ్రయం పనులు చూడ్డానికి వెళ్లి, తిరిగొచ్చి దాని మీద ఒక గేయం రాశాడట. ఇంకా ఎగరని విమానం మీద గేయం! దాన్ని వేసుకున్నారు.

నువ్వు పాట మానడం నాకు నచ్చలేదు. డ్రమ్ముల వాడు పోతే పాట పోతుందా? అవమానపడి మానితే వేరు. నువ్వు అవమానపడ్డావా? అలా అయితే ఎవరు చేశారో చెప్పు.

మీ అత్త పక్కన నిలబడి చదువుతోంది. "గుంట పని సేసుకుంటన్నాది. దాన్ని కోర్టు మెట్లెక్కించినట్టు అడుగుతారేటి?" అంటోంది. నేను అటు తిరిగి కూర్చున్నాను. మాట్లాడేవాళ్ల నోరు మూయించడానికి నాకున్న దారి అదొక్కటే.

మావయ్య


హైదరాబాద్
10 అక్టోబర్ 2024

మావయ్యా,

ఆలస్యంగా రాస్తున్నాను, తిట్టకు. షూటింగ్ అయిపోయింది. టీజర్ వచ్చే వారం వస్తుందట. నువ్వు చూడకపోయినా ఫర్వాలేదు. నిజంగా. ఫోన్లో చిన్నగా ఉంటుంది, నీ కళ్లకి శ్రమ.

నన్నెవరూ అవమానించలేదు.

సినిమా అయ్యేదాకా ఇక్కడే ఉంటాను. గిటారు తీగలు తుప్పు పట్టాయి.

షీబా


నౌపడ
21 అక్టోబర్ 2024

ఒసే గుంటా,

చూడొద్దంటే చూడనా? ఇంత సిగ్గు నీకు ఎక్కణ్నుంచి వచ్చింది?

మీ అత్త ఫోను తెచ్చింది. కిటికీ దగ్గర కుర్చీ వేసుకుని చూశాను. ముందు లారీలు వచ్చాయి, దుమ్ము వచ్చింది, ఎవడో కుర్రాడు జుట్టు ఎగరేశాడు. అతని సంగతి నాకక్కర్లేదు. ఆ తర్వాత నువ్వు. మంచం పట్టిన తండ్రి ముఖం మీదికి వంగి, నీ ముఖం తెరంతా నిండింది. నీ పెదవులు అన్నాయి:

"నాన్నా, నువ్వు ఇనకపోయినా ఫర్లేదు. నాను సెప్తానే ఉంటాను."

మీ అత్తతో మళ్లీ పెట్టించాను. మళ్లీ. "నాను" అన్నప్పుడు నీ కింది పెదవి కొద్దిగా పక్కకి లాగింది. మీ అమ్మమ్మకి అలాగే లాగేది. ఇది స్క్రిప్టులో ఉండే మాట కాదు. హైదరాబాదులో కూర్చుని ఎవడూ రాయలేడు. నువ్వు నాకు చెప్పనన్న మాట ఇదే.

షీబా, నీ పాట ఒక్కటి కూడా నేను వినలేదు. ఈ లోటు నన్ను ఎంత తిన్నదో ఎవరికీ చెప్పలేదు. నువ్వు పాడటం మొదలుపెట్టిన ఏడే నా చెవి మిషను కీచుమనడం తప్ప ఇంకేమీ చెయ్యడం మానేసింది. ఇప్పుడు తెర మీద, లోకమంతా వినేలా, మన ఊరి మాటతో, నీ సొంత గొంతుతో నాకే చెప్పినట్టుంది. ఆ మురళీమోహన్ మాట నిలబెట్టుకున్నాడు. సినిమా వాళ్లందరినీ ఒకే గాటన కట్టడం నా పొరపాటే కావచ్చు. అందులో ఒక్కణ్ణి మాత్రం వదలను.

మీ అత్త కళ్లు తుడుచుకుంది. ఆనందం దానికి కూడా ఆగలేదు.

మావయ్య


హైదరాబాద్
30 అక్టోబర్ 2024

మావయ్యా,

ఈ వెటకారం నీ నుంచి వస్తుందని అనుకోలేదు. "చెప్పాను కదా" అని ఒక్క ముక్క రాస్తే సరిపోయేది. నా సొంత గొంతుతో చెప్పానని పేజీ నిండా పొగడాలా?

టీజర్లో ఉన్న గొంతు నాది కాదు. ఇక్కడి డబ్బింగ్ అమ్మాయిది. ఆమె అన్నది నేనన్న మాట కూడా కాదు. "నాన్నగారూ, మిమ్మల్ని విడిచి నేనెక్కడికీ వెళ్లను." ఇదీ ఆ మాట. చల్లగా, తియ్యగా, దూది పెట్టి చుట్టినట్టు. నిర్మాత అన్నాడు, హీరోయిన్ ఇలా మాట్లాడితే హాలు నవ్వుతుందట. మన మాట పనిమనిషికీ కామెడీకీ అయితే బాగుంటుందట. పోస్టరు మీద మాత్రం 'రాక్ సింగర్ షీబా' అని పెద్దక్షరాలతో వేశారు. సింగర్ అని రాసి గొంతు తీసేశారు. మురళీమోహన్ తల గోక్కుని, "ఈ ఒక్క సినిమాకి సర్దుకో" అన్నాడు.

ఇదంతా నీకు చెప్పడానికి నోరు రాకే చూడొద్దన్నాను. నాకిక్కడ ఎవరూ లేరు. నువ్వు కూడా టెక్కలి హాల్లా నవ్వుతావా?

షీబా


నౌపడ
6 నవంబర్ 2024

షీబాకు,

నేను నవ్వలేదు. నేను వినలేదు. చూశాను.

తెర మీద నీ పెదవులు ఏమన్నాయో అదే రాశాను. పైన ఇంకెవరిదో గొంతు అతికించారని నాకెలా తెలుస్తుంది? మీ అత్తకి తెలుసు. నీ ఉత్తరం చూపించి నిలదీస్తే చెప్పింది: "మీ మొహం అలాగ ఎలిగిపోతంటే ఏటని సెప్పమంటారు?" ఆ రోజు ఏడ్చింది ఆనందంతో కాదట.

ఒక సంగతి ఆలోచించు. ఈ దేశంలో ఆ టీజరు చూసిన వాళ్లందరిలోకీ నీ మాట అందింది ఒక్క చెవిటివాడికి. వాళ్లు నీ గొంతు తీయగలిగారు. మాట తీయలేకపోయారు, అది నీ ముఖం మీదే ఉంది. నా కిందటి ఉత్తరం ఆ తల గోక్కునే మనిషికి చూపించు. మందలించాల్సిన చోట పొగిడినందుకు నాకూ కొంత సిగ్గుగా ఉంది. అయినా చూపించు.

పాడటం మానకు. నేను మానాను. దానివల్ల గిరిబాబుకి ఏమీ కాలేదు.

మావయ్య


విజయనగరం
2 డిసెంబర్ 2024

మావయ్యా,

ఇది పెద్ద ఉత్తరం. అత్తని పక్కన కూర్చోబెట్టుకుని చదువు. మధ్యలో చింపెయ్యకు.

నీ ఉత్తరం మురళీమోహన్‌కి చూపించాను. రెండుసార్లు చదివి, "మా గురువుగారు ఇది సదవాల" అన్నాడు. గురువెవరంటే, చాలా ఏళ్లు మద్రాసులో, హైదరాబాద్‌లో డబ్బింగులు చేయించి, ఇప్పుడు విజయనగరంలో ఉంటున్న పెద్దాయన. పేరు గిరిబాబు.

నీకు చెప్పకుండా వెళ్లాను. నువ్వు వద్దంటావని తెలుసు. తలుపు తీసిన మనిషికి నడుం వంగిపోయింది. నేను ఎవరి మేనకోడలినో చెప్పగానే గోడ పట్టుకున్నాడు. "శాంతి బతికున్నాడా?" అన్నాడు. "ఉన్నాడు, మిమ్మల్ని రోజూ తిడతాడు" అన్నాను. "మరైతే ఆరోగ్యంగానే ఉన్నాడు" అన్నాడు.

నిన్నెందుకు మోసం చేశారని అడిగాను. చెప్పనని ఒక పెద్దమనిషికి మాటిచ్చానన్నాడు. ఆ పెద్దమనిషి ఉన్నాడా అని అడిగాను. "లేడు. నాను సెప్తే ఆయనకిచ్చిన మాట పోతాది. సెప్పకపోబట్టి శాంతి బతుకు పోనాది" అని, అప్పుడు చెప్పాడు.

ఆ రోజు ప్లాట్‌ఫారం మీద నీకు మాట ఇచ్చాక, నువ్వు పార్సిళ్లు ఎక్కించడానికి లోపలికి వెళ్లావట. అప్పుడు తాత వచ్చాడు. మన ఆదాము తాత. గిరిబాబుతో అన్నాడట: "బాబూ, ఈడు పసిబిడ్డగా ఉన్నప్పుడు గొంతులో వాపొచ్చి సచ్చిపోబోయాడు. బతికితే ఈడి గొంతు ప్రభువుకే అనుకున్నాం, నానూ ఈళ్ల అమ్మా. సంఘం ముందు ప్రతిష్ఠ సేసినాం. మొహం నువ్వు పట్టుకుపో. అది నీది. గొంతు మాది, సంఘానిది. తెర మీద ఇనబడకూడదు. నాను అడిగినట్టు ఆడికి తెలీకూడదు." అప్పుడే తాత గిరిబాబు నెత్తి మీద చెయ్యి పెట్టి ప్రార్థన చేశాడట. పాతికేళ్ల కుర్రాడు, ఒక పెద్దాయన కళ్లనీళ్లు పెట్టుకుని ప్రార్థన చేస్తుంటే ఏం చెయ్యగలడు? ఒకే ప్లాట్‌ఫారం మీద రెండు మాటలిచ్చాడు. ఒకటే నిలబెట్టాడు.

మిగిలింది కూడా విను. నీ ఉత్తరం చదివి ఆయన అప్పుడే మురళీమోహన్‌కి ఫోన్ చేసి, నన్ను వెంటబెట్టుకుని హైదరాబాద్ బయల్దేరాడు. స్టూడియోలో నిర్మాతని కూర్చోబెట్టి, ఆ సీన్ వేయించి, శబ్దం పూర్తిగా ఆపించాడు. "ఈ పిల్ల ఏటంటన్నాది?" అని అడిగాడు. నిర్మాతది బొబ్బిలి. పదేళ్లుగా హైదరాబాద్ భాష మాట్లాడుతున్నాడు గానీ పుట్టుక అక్కడే. గుడ్లప్పగించి చూశాడు. మళ్లీ వేయించుకున్నాడు. ఆ తర్వాత మెల్లగా ఆయన నోటి నుంచే వచ్చింది: "నువ్వు ఇనకపోయినా ఫర్లేదు..." మాట పూర్తి చెయ్యలేదు. వాళ్లమ్మ అలాగే మాట్లాడేదట.

నన్ను డబ్బింగ్ చెప్పుకోమన్నారు, మావయ్యా. సినిమా మొత్తం. నా గొంతుతో. చీకటి గదిలో మైకు మళ్లీ నా నోటి దగ్గరికి వచ్చింది. కుడికాలు హాయిగా తాళం వేసింది. ఎవరూ కట్ చెప్పలేదు.

నా మీద కోపం తెచ్చుకో. ఆయన మీద మాత్రం వద్దు.

షీబా


నౌపడ
9 డిసెంబర్ 2024

షీబాకు,

నీ గొంతు నీకు దక్కినందుకు సంతోషం. ఈ ఉత్తరంలో సంతోషం ఇంతవరకే.

గిరిబాబు మాటలు నమ్మొద్దు. యాభై ఏళ్లుగా కథలు అతికించిన మనిషి. చనిపోయినవాడు తిరిగి మాట్లాడలేడు కాబట్టి తప్పు ఆయన మీదికి నెట్టాడు. మా నాన్నకి కోపం ఉండేది, పట్టుదల ఉండేది, కానీ నా చాటున అలా చెయ్యడు. గొంతులో వాపు నిజమే. ప్రతిష్ఠ కూడా నిజమే, అందరు బిడ్డలకీ చేస్తారు. అంతమాత్రాన గొంతు కోసి చర్చి కానుకల పెట్టెలో వేసుకుంటారా?

మీ అత్త వద్దంటున్నా దాలయ్య ఇంటికి వెళ్లాను. ముసలాడు ఎండలో కూర్చున్నాడు. అతనికి పళ్లు లేవు, పెదవులు చదవడం నాకు కష్టం. నెమ్మదిగా చెప్పమన్నాను. చెప్పాడు: "ఆ రోజు పెద్దాయన గిరిబాబు నెత్తి మీద సెయ్యేసి పార్థన సేసినాడు. నాను లాంతరు తుడస్తా సూసినాను. సినిమా బాగా ఆడాలని సేస్తన్నాడనుకున్నాను."

ఇక ఈ విషయం నాకు రాయకు.

శాంతికుమార్


విశాఖపట్నం
18 ఫిబ్రవరి 2025

మావయ్యా,

రాయొద్దన్న విషయం రాయడం లేదు. వేరే విషయాలు.

సినిమా వచ్చే నెల విడుదల. టెక్కలిలో కూడా వేస్తున్నారు. కొత్త డ్రమ్మర్ దొరికింది, పేరు రేఖ. సాలూరు లారీ ఆఫీసులో చూశాను, ఖాళీ డీజిల్ పీపా మీద వాయిస్తోంది. 'ఉప్పుమడి' మళ్లీ మొదలైంది. నిన్న బీచ్ రోడ్డు షోకి సాలూరు డ్రైవర్లు లుంగీలతో వచ్చి ముందు వరుసలో కూర్చున్నారు. కాఫీ ధర విని లేచిపోబోయారు. పాట మొదలయ్యాక కూర్చున్నారు.

మురళీమోహన్ ఇంకో సినిమా అంటున్నాడు. చేస్తాను. పాటా చేస్తాను. రెండింటికీ ఒకే గొంతు చాలు.

ఒక పెద్దమనిషి విజయనగరం నుంచి టెక్కలి వచ్చి నీ పక్కన కూర్చుని సినిమా చూడొచ్చా అని అడిగాడు. నేను పేరు రాయలేదు చూడు.

షీబా


నౌపడ
24 మార్చి 2025

ఒసే గుంటా,

చూశాను. ముందు అది చెప్పి మిగతావి చెబుతాను.

ఆ పెద్దమనిషి పొద్దున బండికే వచ్చాడు. అదే ప్లాట్‌ఫారం. పేరు నేనే రాస్తాను, గిరిబాబు. ఇంటికి తీసుకొచ్చి కూర్చోబెట్టి, యాభై ఏళ్లుగా కూడబెట్టిన తిట్లన్నీ వరసగా తిట్టాను. అడ్డు చెప్పకుండా విన్నాడు. మధ్యలో మీ అత్త టీ తెచ్చింది. "తిట్టడం అయ్యాక తాగుతారా, ఇప్పుడే తాగుతారా?" అని అడిగింది. ఇప్పుడే ఇమ్మన్నాడు. ఆ తర్వాత ఏదో చెప్పాడు. తల దించుకుని చెప్పాడు కాబట్టి నాకు అందలేదు. మళ్లీ చెప్పమని అడగలేదు. కొన్ని అందకపోయినా ఫర్వాలేదు.

టెక్కలి హాలు మారిపోయింది. బెంచీలు లేవు, మెత్తటి కుర్చీలున్నాయి. దాలయ్యని కూడా తీసుకెళ్లాం. మనవడు మోసుకొచ్చి మా వెనక కూర్చోబెట్టాడు. నువ్వు తండ్రి ముఖం మీదికి వంగిన సీను వచ్చింది. నేను తెర చూడలేదు. నీ మాట నాకు తెలుసు. వెనక్కి తిరిగి జనాన్ని చూశాను. అప్పుడు నవ్విన హాలును నేను విన్నాను. ఇప్పుడు వినలేను, చూడాల్సిందే.

ఎవరూ నవ్వలేదు. కొఠారులో పనిచేసే ఆడవాళ్లు వరసగా కూర్చున్నారు. ఒకామె నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఇంకొకామె పెదవులు తెరకి జవాబు చెప్పాయి: "సెప్పమ్మా, సెప్పు." దాలయ్య నా వైపు చూసి, పళ్లు లేని నోటితో ఒక్కొక్క మాటే విడదీసి అన్నాడు: "ఈపాలి పడిశం నేదు శాంతిబాబూ. మన గుంట గొంతే."

పక్కన గిరిబాబు ఏడుస్తున్నాడు. నా చెయ్యి పట్టుకున్నాడు. విడిపించుకోలేదు.

ఆదివారం చర్చికి వెళ్లాను. పాట పుస్తకం తిరగేయకుండా సరిగ్గా పట్టుకున్నాను. మొదటి పాటకే లేచి నిలబడి పాడాను. ముందు వరసల వాళ్లందరూ తిరిగి చూశారు. పాస్టరు ఎడంచెయ్యి గాల్లో ఆగిపోయింది. శృతి ఎంత తప్పానో నాకు తెలీదు, నాకు వినబడదు. వాళ్లకి వినబడింది, అది వాళ్ల కష్టం. చరణాలన్నీ పాడాకే కూర్చున్నాను. మీ అత్త, "పరవాలేదు, గుర్తుపట్టేలాగే ఉన్నాది" అంది.

వచ్చే నెల రేఖని తీసుకుని ఇక్కడికి రా. పీపా నేను తెప్పిస్తాను. చెయ్యి దాని మీద పెట్టుకుంటే తాళం తెలుస్తుంది. నువ్వు ఎదురుగా నిలబడి పాడు. మొత్తం పాట చదువుకుంటాను.

ఇక ఒక్క లెక్క మిగిలింది. గిరిబాబు పేరు కొట్టేశాను. కుర్రాడు, ఒక ముసలాయన కన్నీళ్లకి లొంగాడు. అతని చోట నేనున్నా లొంగేవాణ్ణేమో. కానీ నా గొంతుని దేవుడి కోసం దాచిన మనిషి, నేను దేవుడి ముందు కూడా పాడటం మానేస్తే, బతికున్నన్నాళ్లూ ఆదివారం ఆదివారం నా ఎదురుగా కూర్చుని, ఎందుకు పాడవురా అని ఒక్కసారి అడగలేదు. తెలుసు కాబట్టే అడగలేదు. చర్చి గుమ్మం పక్కన పాలరాతి మీద ఆయన పేరుంది. ఆ దారినే బయటికొస్తూ ఆగాను. నాన్నా అని పిలవబుద్ధి కాలేదు. రాతి మీద ఎలా ఉందో అలాగే, నాకు వినబడని నా గొంతుతో, గట్టిగా పిలిచాను: ఆదాము.

మావయ్య